అన్నభేది సీసా

మొన్న పొద్దున డాక్టరమ్మ రాసిచ్చిన ఇనుము మాత్రను నాలుక మీద వేసుకున్నాక చూస్తే చెంబులో నీళ్లు లేవు. వంటింట్లోకి వెళ్లేలోగా పైపూత కరిగి లోపలి మందు నాలుకకు తగిలింది. తడిసిన మేకును చప్పరించినట్టు కాస్త వగరు, కాస్త పులుపు, వెనకాల ఎక్కడో మోసం చేసే తీపి. గ్లాసు చేత్తో పట్టుకుని అలాగే నిలబడిపోయాను. ఈ రుచి నాకు ఇంటర్మీడియట్ మొదటి ఏడాదిలోనే తెలుసు. మా కెమిస్ట్రీ లెక్చరర్ మెహరున్నీసా మేడం గాజుకడ్డీ కొసను నా నాలుకకు ఆనించి, "ఊరికే రుచి సూడు, మింగొద్దు. ల్యాబులో ఇంకేదీ నోట్లో పెట్టుకోగూడదు, ఇదొక్కటే" అన్నారు. ఆ రోజు నా ఒక్కదానికే పెట్టారనుకుని పొంగిపోయాను. క్లాసంతటికీ పెట్టారని, నాకంటే ముందు నా పక్క బెంచీ నాగవేణికి పెట్టారని మధ్యాహ్నం తెలిసింది. అప్పుడెంత మండిందో, ఇన్నేళ్లకు వంటింట్లో నిలబడి తలుచుకున్నా అంతే మండింది.

ఆ రుచి అన్నభేదిది. వెనకటి రోజుల్లో మా వైపు పచారీ అంగళ్లలో పొట్లం కట్టి ఇచ్చేవారు. పటికబెల్లం పలుకుల్లాగే ఉంటుంది, కాకపోతే లేత పచ్చ. నాటువైద్యులు ఒంటికి రక్తం పట్టడానికి మందుల్లో కలిపేవారు, అద్దకంవాళ్లు నలుపు కోసం కొనేవారు. మా పుస్తకాల్లో దాని పేరు ఫెర్రస్ సల్ఫేటు. గనుల్లో తనంతట తాను పుడితే మెలాంటరైట్ అంటారు. పేర్లు ఎన్నైనా వస్తువు ఒకటే: ఇనుము, గంధకం, ప్రాణవాయువు, వాటితో పాటు కడుపునిండా నీళ్లు. ఆ నీళ్లున్నంతసేపే దానికి పచ్చదనం. వేడి తగిలితే నీళ్లు వదిలేసి తెల్లటి పిండి అవుతుంది, ఇంకా కాలిస్తే ఇటుక రంగు పొడి మిగిలి ముక్కుపుటాలు అదిరే వాసన కొడుతుంది. తడిగాలికి వదిలేస్తే పసుపు తిరిగి తుప్పు పడుతుంది. దాన్ని పచ్చగా నిలబెట్టుకోవడం మా ఆదోని ఎండల్లో మాటలు కాదు.

మేడంను చూడని వాళ్లకు ఆమె ఎలా ఉండేవారో చెప్పాలి. సన్నటి మనిషి, తల మీద కొంగు, ఆ కొంగు మీదుగా మడతలు నలగని తెల్లకోటు. కుడిచేతి వేళ్లు ఎప్పుడూ వక్కలు నలిపినట్టు నల్లగా ఉండేవి. క్లాసులో గొంతు పెంచగా ఎవరూ వినలేదు. వెనక బెంచీవాళ్లకు వినపడకపోతే వాళ్లే ముందుకు వచ్చి కూర్చునేవారు. మా ఇల్లు మంత్రాలయం దగ్గర. తాతలది గుడి సేవ, నాన్నది బడిపంతులు ఉద్యోగం. పలక పట్టినప్పటి నుంచీ క్లాసులో మొదటి పేరు నాదే. ఆదోనిలో ఆడపిల్లల కాలేజీకి వచ్చి, పిన్ని ఇంట్లో ఉండి చదువుకుంటున్న నాకు, పంతుళ్లకు ఇష్టమైన పిల్లగా ఉండటం అన్నం తిన్నంత మామూలు విషయం. మేడం దగ్గర మాత్రం ఆ అన్నం దొరకలేదు. నా రికార్డు చూసి "బాగుంది" అనేవారు. పక్కనే నాగవేణి రికార్డు మీద నీళ్లు పడి అక్షరాలు అలుక్కుపోయి ఉంటే, "ఏం పాపా, నీ పుస్తకానికి జలుబు చేసిందా?" అని నవ్వేవారు. నాకు ఆ నవ్వు కావాలి. తప్పు చేస్తేగానీ రాదేమోనని ఒకసారి కావాలనే రికార్డు మీద చుక్కలు చల్లుకున్నాను. "సుధమ్మా, ఆరబెట్టి రాసుకో" అన్నారు. అంతే.

మేడం ల్యాబులో ఒక ఆనవాయితీ ఉండేది. కాలేజీ తెరిచిన కొత్తలో ఇనుప మేకుల్ని పలచటి గంధకామ్లంలో కరిగించి, వడకట్టి, ఆకుపచ్చ ద్రావణం తయారుచేసేవారు. అందులో దారానికి కట్టిన చిన్న పలుకును వేలాడదీసేవారు. అది ఏడాదంతా మెల్లగా పెరుగుతూ, ఆఖరి ప్రాక్టికల్ నాటికి బొటనవేలంత పచ్చరాయి అయ్యేది. చివరి రోజు దాన్ని బయటికి తీసి, అద్ది, గాజు సీసాలో పెట్టి మైనంతో మూసి, క్లాసులో ఒక్కరికి ఇచ్చేవారు. ఎందుకిస్తున్నారో చెప్పేవారు కాదు. మార్కులకు కాదని సీనియర్లు చెప్పారు. నేను నమ్మలేదు. మార్కులకు కాకపోతే ఇంక దేనికిస్తారు అనుకునే రకం నేను. ఆ రాయి నాకు కావాలి. నిజానికి రాయి కాదు, అది ఆమె చేతిలోంచి నా చేతిలోకి రావడం కావాలి.

అందుకోసం ఆ ద్రావణానికి పసిపిల్లకు చేసినట్టు ఊడిగం చేశాను. అందరూ బస్సులకు పరిగెత్తే వేళకు నేను ల్యాబులో ఉండేదాన్ని. అడుగున ఒక శుభ్రమైన మేకు ఉండాలి. అది ఉంటేనే ద్రావణం పసుపు తిరగకుండా పచ్చగా నిలుస్తుంది. ఆ మేకు అరిగిపోతే మార్చాలి, అప్పుడప్పుడు ఒక చుక్క ఆమ్లం వెయ్యాలి. ఇవన్నీ మేడం ఒక్కసారే చెప్పారు, నేను రెండోసారి అడగలేదు. ఇంతలో పత్తి కాలం వచ్చింది. ఆదోనిలో పత్తి కాలమంటే జిన్నింగు మిల్లుల దూది గాల్లో తేలుతూ అన్నంలో కూడా పడుతుంది. బీకరు మీద నా చేతిరుమాలు కప్పి వెళ్లాను. సోమవారం వచ్చి చూస్తే రుమాలు సందుల్లోంచి దూది నూగు లోపల పడి, ప్రతి నూగుకూ ఒక పలుకు పట్టుకుని, బీకరంతా పచ్చటి నూకలు. పెరగాల్సిన రాయి అలాగే ఆగిపోయింది.

"పోనీలే, మల్లా కరిగించి పెడదాం. ఎవురి దగ్గరైనా వొత్తుగా నేసిన గుడ్డ ఉండాదా?" అని అడిగారు మేడం.

"మా యింట్లో ఉండాది మేడం, మా నాయన నేసింది. నీళ్లు పోసినా దిగవు" అంది నాగవేణి.

మర్నాడు ఎమ్మిగనూరు నుంచి ఆ గుడ్డ వచ్చింది. ఏడాదిలో మిగిలిన భాగమంతా నా బీకరు మీద నాగవేణి గుడ్డ ఉంది. రోజూ నేను ఎత్తి, రోజూ నేను కప్పాను. కప్పినప్పుడల్లా పళ్లు నూరుకున్నాను.

మా మొదటి ఏడాది రాయి సీనియర్ల క్లాసుకు వెళ్లింది. మాకు రెండో ఏడాది మొదలైన కొత్తలో, తొలకరి పడ్డాక, మేడం మమ్మల్ని తుగ్గలి వైపు తీసుకెళ్లారు. మొదటి వానలకు అక్కడి చేలల్లో వజ్రాలు తేలతాయని ఎక్కడెక్కడి జనమో వస్తారు. సద్దిమూటలు గట్టున పెట్టుకుని, తల ఎత్తకుండా మట్టి వెతుక్కుంటూ ఉంటారు. ఒక పెద్దాయన మమ్మల్ని చూసి, "మీరూ రాళ్లకే వచ్చినారామ్మా?" అన్నాడు కాస్త అనుమానంగా.

"వజ్రాలు మీరే తీసుకోండప్పా. మాకు పిచ్చి బంగారం దొరికితే సాలు" అన్నారు మేడం.

పిచ్చి బంగారం అంటే ఇనుము, గంధకం కలిసిన రాయి. పగలగొడితే ఇత్తడి రజను చల్లినట్టు మెరుస్తుంది. ఆ వైపు బంగారం కోసం ఎవరో ఎప్పుడో తవ్వి వదిలేసిన గోతుల పక్కన రాళ్ల కుప్పలుంటాయి. నేను చీర కుచ్చెళ్లు ఎగ్గట్టి, మధ్యాహ్నం దాకా కుప్ప తర్వాత కుప్ప తిరగేశాను. గోళ్లు విరిగాయి. నాగవేణి చెప్పు తెగి, కట్టుకుందామని ఒక రాయి మీద కూర్చుని, కూర్చున్న రాయి వంక చూసి, "మేడం, ఇదేనా?" అంది. అదే. ఆమెకు అన్నీ అలాగే దొరికేవి. పెట్టి పుట్టాలంటారు కదా, పెట్టి పుట్టినవాళ్ల పక్క బెంచీలో కూర్చుని చూడాలి, ఆ బాధేమిటో తెలుస్తుంది.

ఆ రాయిని మేడం తమ ఇంట్లో నీళ్లకుండ కింద తడి ఇసుకలో పెట్టారు. పాతూరి సందులో ఇల్లు, వెలుతురు తక్కువ, కుండ ఉన్న మూల వేసవిలో కూడా చెమ్మగా ఉండేది. దసరా సెలవుల తర్వాత మా ఇద్దర్నీ పిలిచి కుండ పక్కకు జరిపి చూపించారు. రాయి పగుళ్లలోంచి లేత పచ్చటి నూగు వెంట్రుకల్లా మొలిచింది. కొన్నిచోట్ల తెల్లగా పొడిబారింది, అంచుల్లో పసుపు.

"గనిలో గోడలకి ఇట్లే పుడతాది. ఎవురూ సెయ్యరు. తడీ గాలీ తగిలితే రాయి లోపల్లోపల కాలతాది. మంట ఉండదు, పొగ ఉండదు. ఆ కాలిందే ఇట్ల పచ్చగా పైకొస్తాది" అన్నారు మేడం.

కడుపుమంట అనే మాటకు అంత శుద్ధమైన అర్థం నాకు మళ్లీ ఎక్కడా దొరకలేదు. నేను ఆ నూగు చూస్తుంటే మేడం నాగవేణి భుజం మీద చెయ్యి వేసి, "నీ రాయి పూసింది పాపా" అన్నారు. నా భుజం ఇటువైపు ఖాళీగానే ఉంది.

ఆ తర్వాత ఒక ఆదివారం మేడంతో కలిసి ఎమ్మిగనూరులో నాగవేణి వాళ్లింటికి వెళ్లాం. వాళ్ల నాన్న నేతతో పాటు అద్దకం కూడా చేసేవాడు. నూలును ముందు కరక్కాయ కషాయంలో నానబెట్టి, తర్వాత అన్నభేది నీళ్లలో ముంచాడు. బయటికి తీస్తే బూడిదరంగు. ఇదేనా నలుపు అనుకున్నాను. దండెం మీద ఆరేసిన కొద్దీ గాలి తగిలి మా కళ్లముందే చిక్కబడుతూ, కాసేపటికి కాకి రెక్కలా అయింది. "అన్నభేది రవ్వంత ఎక్కువైతే మాత్రం నలుపు నూలునే తింటాదమ్మా" అన్నాడాయన. మేడం ఆ మాట తలూపుతూ విని, నాగవేణి వాళ్లమ్మ పెట్టిన బొరుగుల ఉగ్గాని, బజ్జీ తింటూ, మిరపకాయ ఘాటుకు కళ్లనీళ్లు పెట్టుకుంటూ నవ్వారు. ఆ ఇంట్లో చాప మీద కాళ్లు చాపుకుని కూర్చున్నారు. మా పిన్ని ఇంటికి ఒకసారి వచ్చినప్పుడు కుర్చీ అంచున కూర్చుని, కాఫీ సగం తాగి వెళ్లారు. మావాళ్లు ఆ గ్లాసును కడగడానికి విడిగా పెట్టడం ఆమె చూసి ఉంటారా అని ఇప్పుడు ఆలోచన వస్తుంది. అప్పుడు రాలేదు. అప్పుడు నాకు ఉన్నదల్లా ఉగ్గాని మీద కోపం.

ఆఖరి ప్రాక్టికల్ రోజు వచ్చింది. ఆ ఏడాది రాయి అన్నింటి కన్నా పెద్దది, ఒక్క గీత లేకుండా లోపలికి చూస్తే అవతలి కిటికీ కనిపించేంత తేట. దాన్ని పెంచింది నేను. ల్యాబు తాళం నాకిచ్చి వెళ్లేవారు కాబట్టి అది అందరికీ తెలుసు. మేడం దాన్ని సీసాలో పెట్టి మైనం కరిగించి మూసి, తల ఎత్తి, "నాగవేణీ, రా" అన్నారు. నాగవేణి నా వైపు చూసి, "సుధకు గదా మేడం?" అంది. ఆ జాలి నాకు ఇంకా ఎక్కువ మండింది. "నిన్నే పిలిచినా" అన్నారు మేడం. అందరూ చప్పట్లు కొట్టారు, నేను కూడా కొట్టాను. అందరూ వెళ్లిపోతుంటే నన్ను ఆపి, మిగిలిన పచ్చనీళ్లను వెడల్పు మూతి సీసాలో వొంపి, అడుగున కొత్త మేకు వేసి నా చేతికిచ్చారు.

"ఇది నువ్వు సూసుకో. మూత గట్టిగా బిగించొద్దు, లోపల గాలి పుడతాది. మేకు అరిగితే మార్చు" అన్నారు.

పెళ్లిలో పెళ్లికూతురికి పట్టుచీర పెట్టి, వంటమనిషికి మిగిలిన సాంబారు ఇచ్చినట్టు అనిపించింది. పిన్ని ఇంటికి వెళ్లేదాకా ఆపుకుని, వెళ్లాక దిండులో ముఖం పెట్టి ఏడ్చాను. అమ్మ సామాను సర్దడానికి వచ్చి, "ఈ నీళ్లేంటికే? తూములో పారబొయ్యి" అంది. పొయ్యలేదు. భక్తితో కాదు. నాగవేణి రాయి కన్నా పెద్ద రాయి పెంచి మేడం ముఖాన పెట్టాలని.

పెంచాను కూడా. కర్నూలులో డిగ్రీ చదువుతూ, హాస్టల్ కిటికీ గట్టు మీద ఆ సీసాలోనే, కొత్త అన్నభేది కలుపుతూ, మేకు మారుస్తూ, కోడిగుడ్డంత రాయి పెంచాను. దాన్ని తడిగుడ్డలో చుట్టి, సీసాను సంచిలో నిలబెట్టి బస్సెక్కి, మేడం ఇంటికి వెళ్లాను. గుడ్డ విప్పి రాయి బల్ల మీద పెట్టాను. ఆమె దాన్ని చూసి "బాగుందిలే" అని, చెయ్యి చాపి సీసా తీసుకున్నారు.

"మేకు మార్చినావా?"

"మార్చినా మేడం."

"ఎప్పుడు?"

"పోయిన నెల."

కిటికీ దగ్గరికి తీసుకెళ్లి వెలుగుకు పట్టి చాలాసేపు చూశారు. మూత కొంచెం వదులు చేశారు. చేశాక కూడా వెంటనే నాకివ్వలేదు. కోడిగుడ్డంత రాయి అక్కడ ఉంటే ఈ మనిషికి మేకు గొడవేమిటని నాకు ఒళ్లు మండిపోయింది. తిరుగు బస్సులో కూర్చుని, ఇంకెప్పుడూ ఈమె గడప తొక్కనని ఒట్టు పెట్టుకున్నాను. పండక్కి మళ్లీ వెళ్లాను.

ఆ తర్వాత ఎమ్మెస్సీ చేసి, అదే కాలేజీలో లెక్చరర్‌నై వచ్చాను. మేడం రిటైరయ్యారు. ఆమె ఆనవాయితీని నేను కొనసాగించాను. ఏటా ఆ పాత సీసాలోని నీళ్లే మొదలు, వాటికే కొత్తవి కలుపుతాను, ఏటా ఒక రాయి పెంచి ఒక పిల్లకు ఇస్తాను. ఒక రంజాన్ పండక్కి మేడం ఇంట్లో నాగవేణి, నేను కలిశాం. ఆమె అప్పటికి ఎమ్మిగనూరులో చీరల అంగడి నడుపుతోంది. మాటల్లో పచ్చరాయి ప్రసక్తి వచ్చింది.

"అదా? ఆ ఎండాకాలమే మైనం కరిగి మూత ఊడిపోయింది. సూస్తే తెల్లగా పిండి అయిపోయినాది. మా నాయన ఏంటికి పారేసేదని అద్దకం కుండలో కలిపేసినాడు. ఆ నూలుతోనే మేడంకు నల్లంచు చీర నేసిచ్చినాడు" అంది నాగవేణి, వడ్డించిన సేమ్యా తింటూ.

మేడం ఆ రోజు కట్టుకున్నది ఆ చీరే. తెల్లటి చీర, నల్లంచు. ఏళ్లుగా నేను కన్నేసి పెట్టుకున్న చీర. నేను పెంచిన రాయి నాగవేణి ఇంట్లో కరిగి, మేడం ఒంటిమీదికి ఎక్కిందన్నమాట. నాగవేణి వెళ్లాక ఇంక పట్టలేక అడిగేశాను.

"రాయి పెంచింది నేను కదా మేడం. ఆమెకెందుకిచ్చారు?"

మేడం నవ్వలేదు. ఆ ప్రశ్న కోసం చాలాకాలంగా ఎదురుచూస్తున్నట్టు కూర్చున్నారు.

"ఆ పిల్లకి ఒకటిస్తే సాలు సుధమ్మా. సంతోషపడి ఇంటికి పోతాది. నీకి ఎంతిచ్చినా సాలదు. అందుకే సీసా ఇచ్చినా."

పొగిడారో తిట్టారో తేల్చుకోవడానికి చాలా ఏళ్లు పట్టింది. రెండూ అని ఇప్పుడు అనుకుంటున్నాను. మనిషిని అంత సరిగ్గా కొలిచి, ఆ కొలతకు తగ్గ పని చేతిలో పెట్టడం ఆమెకే చేతనైంది. మాట అర్థమైంది గానీ మంట మాత్రం చల్లారలేదు. అన్నీ తెలిసిన తర్వాత కూడా, ఇప్పటికీ, ఆ పచ్చరాయి నా చేతిలో పెట్టి ఉంటే ఆమె సొమ్మేం పోయేదని అనిపిస్తుంది.

మేడం పోయినప్పుడు ఆడవాళ్లతో పాటు లోపలి గదిలో కూర్చున్నాను. నలభయ్యో రోజు తర్వాత ఆమె కోడలు ఆ నల్లంచు చీర నాగవేణికి ఇచ్చింది. మడత విప్పితే అంచు పొడవునా చిల్లులు, ముట్టుకుంటే నలుపు దారం పొడిపొడిగా రాలింది. తెల్లభాగం చెక్కుచెదరలేదు. నాగవేణి దాన్ని ముఖానికి అద్దుకుని ఏడ్చింది. నేను కూడా ఏడ్చాను. చిల్లుల చీరైనా సరే, నాకిస్తే బాగుండునని ఏడుపు మధ్యలోనే అనుకున్నాను.

ఈ ఏడు మా క్లాసులో రేణుక అనే పిల్ల ఉంది. కైరుప్పల వాళ్లది. ఉగాది తర్వాత పిడకలతో కొట్టుకునే జాతర ఊరు, ఆ ఊరి పిల్లల్లాగే జంకూ గొంకూ లేని మనిషి. అన్నింట్లో మొదటి మార్కులు. రాయి వేరే పిల్లకిచ్చినప్పుడు రేణుక చప్పట్లు కొట్టిన తీరు చూశాను. ఆ చప్పట్లు నాకు బాగా తెలిసినవి. అందరూ వెళ్లాక ఆ పిల్ల బల్ల దగ్గరే ఉండి, పచ్చనీళ్ల పాత సీసా వైపు వంగి, "మేడం, మేకు అరిగిపోయినాది. మార్చాల" అంది. నేను గమనించలేదు. ఇన్నేళ్లలో మొదటిసారి నాకంటే ముందు ఇంకొకరు గమనించారు. మరొకరి చెయ్యి దాని మీద పడుతోందని నాకు చురుక్కుమంది. సొరుగులోంచి కొత్త మేకు తీసి ఇచ్చాను. శుభ్రంగా గీకి, నీళ్లు చిమ్మకుండా లోపలికి జార్చింది.

"సెలవులకి ఎండ ముదురుతాది మేడం, ల్యాబు మూసేస్తారు గదా. నేను సూసుకుంటా" అంది.

నేనే ఇంటికి తీసుకెళ్తాను, ఏటా చేసే పనే అది అని చెప్పబోయాను. అది చెప్పకుండా సీసా తీసి, మూత వదులు చేసి, ఆ పిల్ల చేతిలో పెట్టాను. వాళ్ల ఊరి వైపు వెళ్లే ఆస్పరి బస్సులో దాన్ని ఒళ్లో పట్టుకుని కూర్చుని వెళ్లింది. వెనక్కి తిరిగి కూడా చూడలేదు. ఇంటికొచ్చాక వంటింటి కిటికీ గట్టు మీద, ప్రతి వేసవీ సీసా ఉండే చోట, గుండ్రటి తుప్పు మరక కనిపించింది. రెండు రోజులు ఓపిక పట్టాను. మొన్న పొద్దున ఆ మాత్ర రుచి నాలుక మీద ఉండగానే ఫోను తీసుకున్నాను.

"రేణుకా, మేకు చూశావా?"

"సూసినా మేడం. మొన్ననే గదా కొత్తది వేసింది. ఏంటికి మేడం?"

నా గొంతు నా చెవికే మరొకరి గొంతులా వినిపించింది. కిటికీ వెలుగుకు సీసా ఎత్తిపట్టుకుని, తిరిగి ఇవ్వడానికి మనసొప్పక నిలబడిన మనిషి గొంతు అది. ఆ రోజు బల్ల మీద కోడిగుడ్డంత రాయి ఉన్నా మేడం కళ్లు దాని మీద ఎందుకు నిలవలేదో అప్పుడు తెలిసింది. ఆ రోజు పళ్లు నూరుకుంటూ బస్సెక్కిన నన్ను చూసి, సీసా తన చెయ్యి దాటి నాదైపోయిందని ఆమె కూడా అసూయపడ్డారు.

"ఏం లేదమ్మా, మూత గట్టిగా బిగించొద్దు" అని చెప్పి ఫోను పెట్టేసి, నీళ్లు తాగాను.